ఎడారిలో గవ్వలు ఏరేవాళ్లమని చెప్తాది ఈ అవ్వ. నమ్మొచ్చునా?

బొమ్మల టీచరమ్మ, అనంతపురం

అందరికీ నమస్తే. చరిత్ర తెలిసినోళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి. కొంచెం పెద్ద పోస్టు, ఓపిక చేసుకోండి.

నేను గవర్నమెంటు హైస్కూళ్లలో డ్రాయింగ్ టీచరుగా చేసి రిటైరయినాను. ఇప్పుడు మా ఇంటి మిద్దె మీదనే ఆదివారం పూట పిల్లోళ్లకు బొమ్మలు నేర్పిస్తాండాను. పోయినేడు మా పాప కాన్పుకని శాన్‌హోజే పోయింటి. వాళ్లింటి దగ్గర కమ్యూనిటీ సెంటర్లో వయసైనోళ్లకు వాటర్ కలర్ క్లాసు ఉంది. మనవరాలు నిద్రపోయే టైములో పోయి కూర్చునేదాన్ని. నా పక్క కుర్చీలో ఒక అవ్వ. అమ్మానాన్నలది జపాన్. జపానామె అంటే మాత్రం ఆమెకు కోపం. పుట్టింది పెరిగింది బర్కిలీలో, నేను అమెరికన్‌నే అంటాది. పేరు రాయను. తొంభై దాటినాయి. చెయ్యి వణుకుతాది కాబట్టి మోచెయ్యి బల్లకు ఆనించి, ఊపిరి బిగబట్టి గీత లాగుతాది. నాది బడి ఇంగ్లీషు, ఆమె నిదానంగా మాట్లాడతాది, అట్ల కుదిరింది మాకు. అర్థం కానివి ఆమెను అడిగే ఫోన్లో రికార్డు చేసుకోని, ఇంటికి పోయినాక పాప చేత చెప్పించుకునేదాన్ని.

ఒకరోజు ఆమెకు నిమ్మలకుంట తోలుబొమ్మల ఫోటోలు చూపించినాను. సీతమ్మ నగలకు కొట్టిన రంధ్రాల్లోంచి దీపం వెలుతురు వస్తుందే, ఆ ఫోటో. ఆమె దాన్ని వేళ్లతో పెద్దది చేసి చానాసేపు చూసి, "మా గది గోడలు కూడా ఇట్లనే ఉండేవి" అనింది. నాకర్థం కాలేదు. పచ్చి చెక్కలతో కొట్టిన గోడలంట. ఎండకు చెక్క ముడుచుకుపోయి సందులు పడినాయంట. పొద్దున ఆ సందుల్లోంచి వెలుతురు చారలు చారలుగా పడి, దాంట్లో దుమ్ము తిరిగేది కనపడేదంట. యాడ ఇది అంటే "క్యాంపులో" అనింది.

ఇంక అప్పటినుంచి కొంచెం కొంచెం చెప్తా వచ్చింది. రెండో ప్రపంచ యుద్ధంలో అమెరికా, జపాన్ కొట్లాడుకునేటప్పుడు ఆమెకు తొమ్మిదేళ్లు. నాయన బర్కిలీలో బట్టల లాండ్రీ నడిపేవాడు. 1942లో స్తంభాలకు నోటీసులు అతికించినారంట, జపాన్ సంతతి వాళ్లంతా ఫలానా రోజు ఫలానా చోటికి రావాలని. చేత్తో మోసుకోగలిగినంతే తెచ్చుకోవాల. కుక్కను పక్కింటోళ్లకు ఇచ్చేసినారు. ఇంటిల్లిపాదికీ కలిపి ఒక నంబరు, ఆ నంబరు చీటీ కోటు గుండీకి కట్టినారు. ముందు కొన్ని నెలలు గుర్రప్పందేల మైదానంలో పెట్టినారంట, గుర్రాన్ని కట్టేసే కొట్టంలో. "సున్నం కొట్టింటారు గానీ గుర్రం వెంట్రుకలు, గడ్డిపోచలు, సాలెగూళ్లు ఏవీ తీయకుండా పైపైనే కొట్టినారు. పడుకోని గోటితో ఆ వెంట్రుకలు పీకేదాన్ని, మా అమ్మ చెయ్యి మీద కొట్టేది" అని చెప్పింది. తర్వాత కిటికీ తెరలు దించేసిన రైల్లో యూటా అనే రాష్ట్రానికి, ఎడారికి.

ఆ ఎడారిలో వాళ్లమ్మ పొద్దున్నే లేచి గవ్వలు తవ్వేదంట! బర్కిలీలో ఆమెకు లాండ్రీ, వంట, ఇస్త్రీ తప్ప ఇంకో ధ్యాస లేదంట. క్యాంపులో వంట అందరికీ ఒకచోటే, చేతికి పని లేదు. జల్లెడ పట్టుకోని పోయి, జల్లించి, సైజు సైజుగా వేరు చేసి, గోళ్ల రంగు పూసి, పూలు చేసేది. అవ్వ ఒకరోజు బిస్కెట్ల రేకు డబ్బా తెచ్చి చూపించింది. దూది మీద ఒక బ్రోచ్, అంటే బట్టకు గుచ్చుకునే పిన్ను. రేకులు ఒక్కొక్కటి బియ్యపు గింజంత ఉన్నాయి. లేతగులాబీ రంగు అంచుల్లో మాత్రం మిగిలింది, ఒక రేకు ఊడిపోయి జిగురు మరక కనపడతాంది. దాని పక్కన చెక్కతో చెక్కిన పిట్ట, బొటనవేలంత. పక్క గది తాత చేసిచ్చినాడంట. ఆ పిట్టకు కాళ్లు తీగతో చేసినవి.

పిల్లోళ్లకు బొమ్మల క్లాసు కూడా ఉండేదంట అక్కడ. వాడేసిన కాగితం వెనకవైపున వేసేవాళ్లంట. ఆమె ఆల్బం కూడా చూసినాను. 1941 క్రిస్మస్ ఫోటో, దాని తర్వాత ఏకంగా పెద్దపిల్ల అయినాక ఫోటో. మధ్యలో ఏమీ లేవు.

మా అల్లుడు ఇదంతా విని, "ఆ వయసులో ఒకటికొకటి కలిసిపోతాయి అత్తమ్మా, ఎడారిలో గవ్వలేంది, బీచ్‌లో ఏరుకున్నవి అయ్యుంటాయి" అన్నాడు.

ఇప్పుడు నా మిద్దె మీద పిల్లోళ్లకు ఈ కథ చెప్పి బొమ్మలు వేయించాలని ఉంది. తప్పు చెప్పకూడదు కదా. గవ్వల సంగతి నిజమేనా? గుర్రాల కొట్టంలో నిజంగా మనుషుల్ని పెట్టినారా, చిన్నపిల్లకు అట్ల అనిపించిందా? ముళ్లకంచె లోపల బొమ్మల క్లాసులు ఎవరు పెట్టింటారు?

---

కొండారెడ్డి బురుజు, కర్నూలు

మేడం, నేను డిగ్రీ కాలేజీలో హిస్టరీ చెప్తాను. ఆ అవ్వకు మతి బ్రహ్మాండంగా ఉంది. అల్లుడుగారిని మీరే చూసుకోండి.

ఆమె చెప్పిన గుర్రాల మైదానం టాన్‌ఫరాన్. శాన్‌ఫ్రాన్సిస్కోకు దక్షిణాన శాన్‌బ్రూనోలో ఉండేది. బర్కిలీ, శాన్‌ఫ్రాన్సిస్కో వైపు వాళ్లను మొదట అక్కడికే తోలారు. కొట్టాలకు పైపైన సున్నం కొట్టి కుటుంబాలను దించింది నిజం. పరుపు సంచిలో గడ్డి కూడా ఎవరిది వాళ్లే కూరుకోవాల్సి వచ్చింది. అక్కడినుంచి టోపాజ్ అనే క్యాంపుకు, యూటాలో డెల్టా అనే చిన్న ఊరి దగ్గర. 1942 సెప్టెంబరులో తెరిచారు, 1945 అక్టోబరు 31న మూశారు. నిండుగా ఉన్నప్పుడు 8 వేల మందికి పైనే.

గవ్వల సంగతికి వస్తే, యూటా పడమటి భాగమంతా వేల ఏళ్ల కిందట బోనవిల్ అనే మహా సరస్సు. అది ఎండిపోగా మిగిలిన ముక్కే ఇప్పటి గ్రేట్ సాల్ట్ లేక్. టోపాజ్ కట్టింది ఆ సరస్సు అడుగున. అడుగు, రెండడుగులు తవ్వితే నత్తగుల్లలు. ఆడవాళ్లు వాటితో చేసిన బ్రోచ్‌లు ఇప్పుడు మ్యూజియాల్లో ఉన్నాయి. పిట్ట కాళ్లు ఏ తీగతో చేశారో కూడా చెప్పగలను, కిటికీలకు దోమల జాలీ కొట్టాక అంచున కత్తిరించి పారేసిన ముక్కలు.

ఆల్బంలో ఫోటోలు లేకపోవడానికి కారణం ఉంది. జపాన్ సంతతి వాళ్ల దగ్గర కెమెరా ఉండటమే నేరం, ముందే లాగేసుకున్నారు. కాబట్టి లోపల ఏం జరిగిందో లోపలివాళ్ల కంటితో తెలియాలంటే బొమ్మలే ఆధారం. అక్కడక్కడ దొంగచాటుగా కుదిరింది. మాన్జనార్ క్యాంపులో టోయో మియాటాకే అనే ఫోటోగ్రాఫర్ లెన్సు ఒకటి దాచి తెచ్చుకుని, చెక్కపెట్టె కెమెరా చేసుకున్నాడు. టోపాజ్‌లో డేవ్ టట్సునో ఒక బుల్లి సినిమా కెమెరా తెప్పించుకుని రహస్యంగా తీశాడు. ఆ రీళ్లను 1996లో అమెరికా జాతీయ ఫిల్ముల జాబితాలో చేర్చారు.

ఇక బొమ్మల క్లాసు. చియురా ఒబాటా అని బర్కిలీ యూనివర్సిటీలో ఆర్ట్ ప్రొఫెసరు. ఆయన్నూ పట్టుకుపోయారు. టాన్‌ఫరాన్‌లో అడుగుపెట్టిన కొన్ని వారాలకే, గుర్రాల వాసన ఇంకా పోకముందే, తోటి చిత్రకారులతో కలిసి ఆర్ట్ స్కూలు తెరిచాడు. చిన్నపిల్లల నుంచి తాతల దాకా ఆరువందలకు పైగా చేరారు. బయట ఉన్న స్నేహితులు రంగులు, కాగితాలు పంపేవారు. టోపాజ్‌కు తరలించాక అక్కడ మళ్లీ తెరిచాడు. క్యాంపు లోపల గొడవలూ ఉండేవి. 1943లో ఒక రాత్రి ఆయన మీద ఎవరో దాడి చేస్తే ఆస్పత్రి పాలయ్యాడు, తర్వాత కుటుంబంతో క్యాంపు వదిలి వెళ్లిపోయాడు. అక్కడ పాఠాలు చెప్పినవాళ్లలో మినే ఒకుబో ఒకరు. క్యాంపులో ఆమె కుటుంబానికి ఇచ్చిన నంబరు 13660. టాన్‌ఫరాన్, టోపాజ్ జీవితం సిరాతో గీసి, ఆ నంబరునే పేరులో పెట్టి 1946లో పుస్తకంగా వేసింది. దాదాపు ప్రతి బొమ్మలోనూ ఏదో ఒక మూల తానూ నిలబడి చూస్తుంటుంది. డ్రాయింగ్ టీచరుగా మీకు నచ్చుతుంది అది.

పిల్లలకు చెప్పేటప్పుడు ఒక్కటి మర్చిపోకండి. వీళ్లెవరూ యుద్ధఖైదీలు కారు. 1942 ఫిబ్రవరి 19న అమెరికా అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ సంతకం పెట్టిన 9066 నంబరు ఉత్తర్వులో జపాన్ అన్న మాటే లేదు, సైన్యం ఏ ప్రాంతం నుంచి ఎవరినైనా తరలించవచ్చని మాత్రం ఉంది. కానీ అమెరికా పడమటి తీరంలో మూకుమ్మడిగా తరలించింది వీళ్లను ఒక్కరినే. పది క్యాంపులు, సుమారు 1,20,000 మంది. మూడింట రెండు వంతులు అక్కడే పుట్టిన పౌరులు.

---

పెన్నేటి గట్టు, కడప

ఏందప్పా ఇది. గుల్లల కోసం బోనవిల్ దాకా పోవల్లనా? టీచరమ్మా, మీ ఊరి పక్కనే బుక్కరాయసముద్రం చెరువు ఎండినప్పుడు ఎప్పుడైనా దిగి చూసినారా? నెర్రెలిచ్చిన మట్టిలో నత్తగుల్లలు తెల్లగా పడుంటాయి. మా మైదుకూరు పక్క చెరువుల్లో చిన్నప్పుడు జేబుల నిండా తెచ్చుకునేవాళ్లం. నీళ్లుండిన చోట గుల్లలుంటాయి, దాంట్లో వింత ఏముంది.

నా బాధ ఇంకోటి. ఎప్పుడూ అమెరికా గోడు, యూరప్ గోడు చెప్పుకుంటాండాం. మన దేశంలో జరగలేదా? 1962లో చైనాతో యుద్ధమప్పుడు అస్సాం, షిల్లాంగ్, డార్జిలింగ్ కాడ తరాలుగా బతుకుతాండే చైనీయుల కుటుంబాలను రాత్రికి రాత్రి లేపి, రైల్లో రాజస్థాన్‌లోని దేవ్‌లీ క్యాంపుకు తోలినారు. సుమారు 3 వేల మంది. పిల్లోళ్లు, ముసలోళ్లు. కొందరు ఏళ్ల తరబడి ఆడనే ఉండిపోయినారు. ఇండ్లు, అంగళ్లు వేలం పాడినారు. అమెరికావోడు 1988లో క్షమాపణ చట్టం చేసి మనిషికి 20 వేల డాలర్లు ఇచ్చినాడు. మనోళ్లు? మీ పిల్లోళ్లకు చెప్తే అది చెప్పండి.

---

ప్రొద్దుటూరు టు శాన్‌హోజే

నేను ఇక్కడే ఉంటాను టీచర్‌గారూ. మీరు మళ్లీ వస్తే డౌన్‌టౌన్‌లో ఫెడరల్ బిల్డింగ్ ముందర ఒక కంచు గోడ ఉంది, తప్పకుండా చూడండి. 1994లో పెట్టారు. రెండు వైపులా మొత్తం బొమ్మలే, పొలాలు, బిడారులా సామాన్లు మోసుకుపోయే కుటుంబాలు, క్యాంపు. చేసింది రూత్ అసావా. ఆమె కూడా పదహారేళ్లప్పుడు గుర్రాల మైదానంలోనే ఉంది, కాకపోతే లాస్ ఏంజెలిస్ పక్క శాంటా అనీటాలో. డిస్నీలో పనిచేసిన చిత్రకారులు కూడా అక్కడ బందీలు. వాళ్లే ఖాళీగా ఉన్న పిల్లలకు గ్యాలరీ మెట్ల మీద కూర్చోబెట్టి బొమ్మలు నేర్పారు. తర్వాత ఆమె తీగను అల్లి చేసిన బొమ్మలతో పెద్ద పేరు తెచ్చుకుంది. ఆ గోడ ముందు నుంచి రోజూ ఆఫీసుకు పోయేవాళ్లకు అదేమిటో తెలియదు, మనవాళ్లతో సహా.

కడప అన్నా, దేవ్‌లీ మాట నిజమే. కానీ ఒకటి చెప్తే ఇంకోటి దాచినట్టు కాదు కదా.

---

బొమ్మల టీచరమ్మ, అనంతపురం

కర్నూలు సార్‌కు చానా థ్యాంక్స్. మీ పోస్టు మొత్తం అల్లుడికి ఫార్వర్డ్ చేసినాను. బొటనవేలు ఎమోజీ ఒకటి వచ్చింది.

పెన్నేటి గట్టు అన్నా, చెరువు మాట వందకు వంద. అది నాకు తట్టనే లేదు. మా పిల్లోళ్లకు సరస్సు కంటే ఎండిన చెరువే తొందరగా తెలుస్తాది. దేవ్‌లీ గురించి మీరు రాసింది కూడా చెప్తాను. పదో తరగతి పిల్లోళ్లకు కచ్చితంగా చెప్తాను. కానీ నేను బొమ్మల టీచర్ని అన్నా. నాకు చెయ్యి పట్టుకోని ఆ రేకు డబ్బా మూత తెరిచి చూపించింది ఈ అవ్వ. దేవ్‌లీలో ఉండొచ్చిన అవ్వ ఎవరైనా నా పక్కన కూర్చోనింటే ఆమె కథే రాసిందును.

నిన్న పాప వాట్సాప్‌లో వీడియో కాల్ కలిపింది. సార్ రాసినవన్నీ అవ్వకు చదివి వినిపించినాం. ఒబాటా పేరు చెప్పగానే ఆమె "ఆయన పాఠం చెప్పినాడో లేదో నాకు గుర్తు లేదు, మాకు చెప్పింది ఒక అక్క" అనింది. నేనైతే ఆయనే అయ్యుంటాడులే అని చెప్పేసుకునేదాన్ని, పేరుండే మనిషి కదా. ఆమె ఒప్పుకోలా.

బాధగా ఉండేదా, భయం వేసేదా అని పాప అడిగితే "అందరితోపాటే" అని ఊరకుండిపోయింది. అప్పుడు నేను, కాగితం రంగు పూలు ఎప్పుడైనా చేసినారా అని అడిగినాను, ఊరికే, చేతిపని మాటల్లో పడి. అబ్బ, ఎంత చెప్పిందో! 1943లో ఒక పెద్దాయనను కంచె దగ్గర కావలి సిపాయి కాల్చేసినాడంట. ఆయన శవయాత్రకు పూలు కావాల, ఆ ఎడారిలో పూలు యాడివి? ఆడోళ్లంతా కాగితంతో చేసినారు. వాళ్లమ్మ రాత్రంతా రేకులు కత్తిరిస్తా ఉంటే, ఈమె పని రేకు అంచును పెన్సిల్‌కు చుట్టి ఒంపు తిప్పడం. ఆ పెన్సిల్ పసుపు రంగుది, వెనక రబ్బరు అరిగిపోయి రేకు గొట్టం మాత్రం ఉండేది, అది తగిలితే కాగితం చిరిగేది. అదంతా చెప్పింది. ఎన్ని దండలో, ఆ పెద్దాయన పేరేమో తెలియదు. రబ్బరు లేని పెన్సిల్ తెలుసు.

20 వేల డాలర్ల సంగతి కూడా అడిగినాను అన్నా, మీరు రాసినారని. ఆమెకు వచ్చిందంట. వాళ్లమ్మకు రాలేదు. చట్టం వచ్చే నాటికి బతికుండినోళ్లకే ఇచ్చినారంట, ఆమె అంతకుముందే పోయింది. గవ్వలు తవ్విన మనిషికి రాలేదు. దాని గురించి అవ్వ ఇంకేమీ మాట్లాడలేదు, మనవరాలిని చూపించమనింది.

---

కొండారెడ్డి బురుజు, కర్నూలు

మేడం, ఆ పెద్దాయన పేరు జేమ్స్ హత్సుఆకి వాకాసా. వయసు 63. 1943 ఏప్రిల్ 11. సిపాయిని విచారించి నిర్దోషి అన్నారు. తోటివాళ్లు అక్కడ ఒక పెద్ద రాయి నిలబెడితే అధికారులు తీసేయమన్నారు. పగలగొట్టకుండా అక్కడే పూడ్చిపెట్టారు. 2021లో తవ్వి తీశారు. అంత్యక్రియలకు కాగితం పూలదండలు చేసింది కూడా ఉన్నదే. మీరు అడిగిన తీరు బాగుంది. మా క్లాసులో పిల్లలు ఇంటర్వ్యూకి పోతే మొదటి ప్రశ్నే "అప్పుడు మీకేమనిపించింది" అని అడిగి ఖాళీ చేతులతో వస్తారు.

---

నందికొట్కూరు పిల్ల

సార్ చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం. మా జేజిది శ్రీశైలం ముంపులో పోయిన ఊరు. 1981లో ఖాళీ చేయించినారు. దాని గురించి అడిగితే "ఏముంది, పోయింది" అంటాది. ఒకసారి సుద్దముక్క ఇచ్చి మీ ఇల్లు యాడుండేది జేజీ అంటే, బండల మీద కూర్చోని గాడిపాడు, రోలు, గాజులాయన అరుగు, బావికి పోయే సందు అన్నీ గీసింది. గీస్తానే మా అత్తను తిట్టింది, కొలత తప్పు చెప్పిందని.

---

పెన్నేటి గట్టు, కడప

ముంపు వేరు, క్యాంపు వేరు తల్లీ. వాళ్లకు కంచె, కావలి, తుపాకీ ఉండాయి. రెండూ ఒక గాటికి కట్టొద్దు. జేజి బొమ్మ మాత్రం ఫోటో తీసింటే పెట్టు, చూస్తాం.

---

నందికొట్కూరు పిల్ల

ఒకటే అనలేదు అన్నా, అడిగే తీరు గురించి చెప్పినా. ఫోటో ఉంది, జేజిని అడిగి పెడతా.

---

బొమ్మల టీచరమ్మ, అనంతపురం

అన్న మాట కూడా సరైందే. నేను పిల్లోళ్లకు కంచె, తుపాకీ ముందే చెప్పను. చెప్తే అందరూ సినిమాల్లో చూసిన జైలే గీస్తారు, ఇనుప కమ్మీలు, మీసాల జైలరు. ముందు పిట్ట ఫోటో చూపిస్తా, దీని కాళ్లు దేంతో చేసింటారో చెప్పండి అని అడుగుతా. వాళ్లు జాలీ దాకా వచ్చినాక, కిటికీ యాడిదో, ఆ గది ఎవరిదో, ఎందుకు ఉన్నారో అప్పుడు చెప్తా. వాడేసిన పరీక్ష పేపర్లు తెప్పించినాను, వెనకవైపు వేయిస్తా. రంగులు మూడే ఇస్తా. 

గుల్లల కోసం బుక్కరాయసముద్రం పోదామంటే ఇప్పుడు చెరువులో నీళ్లుండాయి. ఎండిన కుంట ఏదైనా దగ్గర్లో ఉంటే చెప్పండి. అవ్వ చెప్పినట్ల కడిగి, తెల్లగా చేసి, సైజులు వేరు చేయించాలని ఉంది. గోళ్ల రంగు మా వీధిలో ఫ్యాన్సీ స్టోర్‌లో తీసుకున్నా.

---

పెన్నేటి గట్టు, కడప

గార్లదిన్నె పక్క పల్లెల్లో అడగండి, వానకు ముందు ఏదో ఒక కుంట ఎండింటాది. ఒక్కటి గుర్తు పెట్టుకోండి టీచరమ్మా. ఆ అవ్వోళ్లవి వేల ఏళ్ల నాటి గుల్లలు, కడిగితే సరిపోయింటాది. మనవి నిన్న మొన్నటివి, లోపల నత్త ఉండే చచ్చింటాది. బకెట్‌లో బ్లీచింగ్ పౌడర్ నీళ్లు పోసి రెండు దినాలు నానబెట్టి, ఎండలో ఆరబెట్టినాకనే మిద్దె ఎక్కించండి. లేకపోతే ఆ కంపుకు మీ పక్కింటోళ్లు గొడవకొస్తారు.